పగడములవారి వీథి

నేడు నేను చెప్పదలచినది చెన్నపట్టణములోని యొక వీథిని గూర్చి. ఆ వీథికిని మన కర్నూలు సీమకును మూడువందల యేండ్లకు పైబడిన చుట్టరికము కలదు. ఇంతకాలము బడిపిల్లలకు చరిత్రపాఠములు చెప్పిన నాకు ఈ సంగతి అఱువదియేండ్లు దాటినదాక తెలియలేదు. ఇది సిగ్గుపడవలసిన మాటయే గాని, దాచవలసిన మాట కాదు.

నేను పోయిన పని చిన్నది. మా మనుమరాలికి వివాహము నిశ్చయమైనది. మా యింట నల్లపూసలు గ్రుచ్చునపుడు పగడములను తప్పక చేర్చుదురు. మా అవ్వ మెడలోని రెండు పగడములు మా తల్లికి వచ్చినవి. తల్లినుండి నా భార్యకు వచ్చినవి. అందొకటి పగిలినది. "పట్నము పోవుచున్నారు గదా, దీనికి ఈడైన పగడ మొకటి చూచి తీసికొని రండి" అని మా యింటివారు మిగిలిన పగడమును పసుపుబట్టలో చుట్టి నా చేతి కిచ్చిరి.

చెన్నపట్టణమున కుమార్తె యింట దిగి, పగడము లెక్కడ దొరకునని విచారించితిని. కళాశాలలో చదువుచున్న మా దౌహిత్రుడు నవ్వి, "తాతా, పగడాలవారి వీథియే ఉన్నది. ఆదివారము ఉదయమున ఆ పేటలన్నియు నడిపించి చూపుచు కథలు చెప్పెడివా డొకడున్నాడు. మనమును పోదము" అనెను. వాడు నడకకు పిలిచినాడు, నేను బేరమునకు బయలుదేరితిని.

ఆ నడకను చెప్పుటకు ముందు మన సీమ సంగతి యొకటి జ్ఞప్తి చేయవలెను. వెల్దుర్తి దగ్గఱి రామళ్ళకోట మీలో అనేకులు చూచియుందురు. వజ్రములకై పూర్వులు త్రవ్విన గోతులు అచ్చట కలవు. ఇప్పుడు నంద్యాల జిల్లాలో చేరిన బనగానపల్లె చుట్టుప్రక్కల, కడప దగ్గఱ పెన్న యొడ్డున ఉన్న చెన్నూరునందు, అనంతపురము సీమలోని వజ్రకరూరునందు, ఇట్లే పాత గనులు. తుగ్గలి, జొన్నగిరి, మద్దికెర చేలలో తొలకరి వాన పడగానే జనము వంగి వెదకుట నేటికిని మానలేదు. ఆ ప్రాంతపు బడిలో నేను పనిచేసిన దినములలో తొలివాన మఱునాడు హాజరుపట్టీలో సగము గళ్లు ఖాళీగా నుండెడివి. పిల్లలను మందలింపబోయి తండ్రులు కూడ చేలలోనే యుండుట చూచి ఊరకుంటిని.

'గోలకొండ వజ్రములు' అని లోకమున పేరు. గోలకొండలో గని యొక్కటియు లేదు. గనులు కృష్ణ, పెన్న మొదలైన నదుల సీమలలో ఉన్నవి; గోలకొండ వాని సంత. ఆ పేరు గొప్పదగుటచే మన పల్లెల పేళ్లు మఱుగుపడినవి. అయితే ఆ ఱాళ్లు సంతనుండి ఎచటికి పోయినవి? ఎవరు కొనిరి? ఏమిచ్చి కొనిరి? నేను బడిలో ఈ ప్రశ్న నెన్నడును వేయలేదు, నన్నెవరును అడుగలేదు.

ఆదివారము తెల్లవారుచుండగా మన్నడి యను పేటలో చేరితిమి. పండ్రెండుమందిమి ఉంటిమి. త్రోవ చూపు యువకుడు మద్రాసు తెలుగువాడే. నన్ను చూచి, "అయ్యవారూ, ఎండ ఎక్కకముందే ముగింతము, మెల్లగానే నడుతము" అని మర్యాదగా చెప్పెను. ఇంగ్లీషు కుంపిణీవారు 1639లో నేల సంపాదించి కోట కట్టుకొనినపుడు, కోటవెలుపల వర్తకులును, నేతవారును, చేతిపనివారును చేరి పేటలు వెలసినవి. ముత్యాలపేట, పెద్దనాయకపేట అనునవి అట్టివి. 1911నుండి ఈ భాగమున కంతకును జార్జిటౌను అని పేరు.

మొదట ఆర్మీనియనుల వీథి చూచితిమి. ఆర్మీనియా దేశపు వర్తకులు 1772లో కట్టిన దేవాలయ మచ్చట కలదు. ఈ వీథిని తమిళులు 'అరణ్మనైకారన్ తెరు' అందురట. అరణ్మనై యనగా రాజగృహము. ఆర్మీనియను అను మాట నోట పలుకక, నోటికి తెలిసిన మాటగా మాఱి, వర్తకుడు కాస్త కోటవాడైనాడు! వ్యాకరణము చదివిన నాకు ఈ మార్పు చూచి నవ్వు వచ్చినది. మన పల్లెలలో ఇట్లు మాఱిన పేళ్లు ఎన్ని లేవు!

తర్వాత పగడములవారి వీథి. తమిళమున 'పవళక్కార తెరు'. ఇరుకైన వీథి, ఇరుప్రక్కల దుకాణములు, సామానుబండ్లు, తలపై మోపులతో కూలివారు, నడుమనడుమ పెద్ద టేకు ద్వారబంధములు గల పాత యిండ్లు. ఆ యిండ్లు నాట్టుకోట్టై చెట్లవి. బర్మా, మలయా దేశములతో వడ్డీవ్యాపారము చేసిన ఆ వర్తకులు తరువాతి కాలమున ఈ వీథిలో స్థిరపడిరి. నేను పసుపుబట్ట విప్పి, "నాయనా, ఇందులో పగడముల అంగడి యేది?" అని యడిగితిని. ఆ యువకుడు నా చేతిలోని పూసను చూచి ఒక క్షణ మాగి, "అయ్యవారూ, పగడములవారు పోయి రెండువందల యేండ్లు దాటినది. వారు యూదులు" అనెను.

యూదులనగా మోషే ధర్మశాస్త్రము ననుసరించువారు. క్రైస్తవ, మహమ్మదీయ మతములకంటె వారి మతము ప్రాచీనము. దేవుడొక్కడే యని వారి ముఖ్య విశ్వాసము. శనివారము పని ముట్టరు. వారి హీబ్రూ లిపి కుడినుండి యెడమకు నడచును. 1492లో స్పెయిను రాజదంపతులు మతము మార్చుకొననివారందఱిని దేశమునుండి వెడలగొట్టిరి. పోర్చుగలులో 1497లో బలవంతముగా క్రైస్తవమతము నిచ్చిరి. అనేకులు పైకి క్రైస్తవులై, ఇంట తలుపులు మూసికొని తమ ప్రార్థనలు చేసికొనుచుండిరి. అట్టివారిలో కొందఱు మెల్లగా తప్పించుకొని హాలండులోని ఆంస్టర్‌డాము, ఇటలీలోని లివోర్నో, పిదప లండను నగరములకు చేరిరి. వారి సంతతివారే కొందఱు పదునేడవ శతాబ్దపు ఉత్తరార్ధమున చెన్నపట్టణమున దిగిరి. వచ్చినది వజ్రముల కొఱకు.

ఇక పగడము మాట. మన సముద్రములలో పగడపుదిబ్బలు గలవు గాని, నగలకు పనికివచ్చు ఆ ఎఱ్ఱని పగడము మధ్యధరా సముద్రములో పుట్టునది. అడ్డముగా కట్టిన కొయ్యలకు వలలు కట్టి, సముద్రపు టడుగున ఈడ్చి, ఱాళ్లకు పట్టిన పగడపు కొమ్మలను విఱిచి తీయుచుండిరి. వానిని లివోర్నోలో కోసి, నునుపు చేసి, బెజ్జములు పెట్టి పూసలుగా చేసెడివారు. అవి లండనునకు పోయి, కుంపిణీ యోడలలో ఆఱునెలలు ప్రయాణము చేసి మద్రాసు రేవున దిగెడివి. ఇచ్చట పగడము లమ్మి ఆ ధనముతో వజ్రములు కొని పంపెడివారు. విద్రుమము, ప్రవాళము అని మనము నిఘంటువులలో చదువుకొన్నదియు, కుజునకు ప్రీతియని వ్రేలికి ధరించునదియు పరదేశపు సరకే! ఇది క్రొత్త సంగతియు కాదు. కౌటిల్యుడు అర్థశాస్త్రమున పగడములలో 'ఆలకందకము' అను జాతిని చెప్పినాడు. ఆ పేరు ఈజిప్టులోని అలెగ్జాండ్రియా నగరమును బట్టి వచ్చినదని కొందఱు పండితులు తలచిరి. అర్థశాస్త్రమున ఆ మాట నేను చదివితిని. చదివియు, మా అవ్వ మెడలోని పూసకును ఆ మాటకును సంబంధ మున్నదని తోచలేదు. మన చదువు ఇట్టిది.

లండనులో అన్న, లివోర్నోలో మేనమామ, మద్రాసులో తమ్ముడు: ఇట్లు వారి వ్యాపారము నడచెను. జాబు వ్రాసి ప్రత్యుత్తరము వచ్చుటకు సంవత్సరము దాటును. ఆ లోపల మోసము చేయదలచినవానిని పట్టుకొనువారు లేరు. అందుచేత రక్తసంబంధమును, మాటయును ఆధారములు. మన వైశ్యకుటుంబములు ఊరూర చుట్టముల నుంచి వ్యాపారము చేయుట మీకు తెలిసినదే గనుక ఇది విస్తరింప నవసరము లేదు.

బేరము లెట్లు జరిగెనో టావెర్నియే అను ఫ్రెంచి రత్నవర్తకుడు వ్రాసిపెట్టినాడు. ఆయన పదునేడవ శతాబ్దపు నడుమ మన గనులకు పలుమాఱులు వచ్చినవాడు. గని యూరిలో పది మొదలు పదునాఱేండ్ల లోపలి వర్తకుల పిల్లలు ఉదయముననే చెట్టుక్రింద కూర్చుండెడివారట. ఒక్కొక్కని నడుమున ఒకవైపు తూకపు సంచి, ఇంకొకవైపు వరహాల సంచి. ఎవడైన ఱాయి తెచ్చిన అందఱిలో పెద్దవాని చేతి కిత్తురు. వాడు చూచి ప్రక్కవాని కిచ్చును. నోట మాట లేకయే ఱాయి చుట్టును తిరిగి మొదటివాని చేతికే వచ్చును. పెద్దవర్తకుల బేర మింకను చిత్రము. అమ్మువాడును, కొనువాడును ఎదురెదురుగా కూర్చుండి, పైబట్ట క్రింద చేతులు కలిపి, వ్రేళ్లతో వెల చెప్పుకొందురు. చేయంతయు పట్టిన వేయి, ఒక వ్రేలు పట్టిన నూఱు, సగము వ్రేలైన ఏబది. చుట్టును ఎందఱున్నను వెల తెలియదు. త్రోవ చూపు యువకుడు ఇది వింతగా చెప్పగా మావారందఱు ఆశ్చర్యపడిరి. నాకు మాత్రము ఆశ్చర్యము కలుగలేదు. పశువుల సంతలో తువ్వాలు క్రింద దలాలి చేయి పట్టని రైతు మనలో నెవడు? నేను ముందుకు పోయి మా మనుమని చేయి నా కండువా క్రింద పట్టి, ఎద్దుల బేరము చేసి చూపితిని. పండ్రెండుమందియు గుమిగూడిరి. ఒక్క నిమిషము నేనే గురువునైతిని.

అదే టావెర్నియే మఱియొక మాటయు వ్రాసినాడు. పని బాగుగా తెలిసినవాడే యైనను, ఒక గనిలో త్రవ్వువానికి ఏడాదికి మూడు వరహాలు మాత్రమే కూలి యట. కృష్ణ యొడ్డున కొల్లూరు గనిలో ఆడువారును, పిల్లలును కలిసి అఱువదివేలమంది పనిచేయుచుండిరని ఆయన లెక్క. ఆ కొల్లూరు ఇప్పుడు పులిచింతల జలాశయము క్రిందికి పోయినది. నేను ఆ వీథి నడుమ నిలిచి, "నాయనా, పగడము లమ్మినవారికి వీథి యున్నది, ముత్యములవారికి పేట యున్నది. వజ్రము త్రవ్వినవానికి ఏ వీథి?" అని యడిగితిని. ఆయన ఉత్తరము చెప్పలేదు. ఆయన తప్పేమియు లేదు. ఆ ఉత్తరము చెప్పవలసినవారము మన సీమవారము గాని ఆయన కాదు. యూదులు వెల యిచ్చియే కొనిరి. ఆ వెల రామళ్ళకోట గోతిదాక దిగిరాకపోవుటకు దొరలు, ఇజారాదారులు, దలారులు ఎందఱో నడుమ నుండిరి.

చెన్నపట్టణమున యూదులకు మంచి స్థానమే యుండెను. 1688లో మద్రాసు పురపాలక సంఘమును నెలకొల్పినపుడు, ఆ సభలో ఇంగ్లీషువారితోను, పోర్చుగీసులతోను, మన దేశీయులతోను పాటు యూదువర్తకులకును పదవు లిచ్చిరి. తమను వెడలగొట్టిన యూరపులో అనేక నగరములందు వారికట్టి గౌరవము ఆనాడు లేదు. వారిలో మొదటి తరమువాడు జాక్ ద పైవా యనునతడు. ఇతడు గనుల ప్రాంతమునకు తానే పయనమై పోయి, జబ్బుపడి తిరిగివచ్చి, 1687లో మరణించెనని మా త్రోవచూపరి చెప్పెను. పెద్దనాయకపేటలో యూదుల శ్మశానమున పూడ్చిరట. మన సీమ దారులు, ఎండలు, నీళ్లు ఎఱిగిన నాకు ఆ మరణము సులభముగా అర్థమైనది. లివోర్నోలో పుట్టిన వ్యాపారము పెన్నకు, కృష్ణకు వచ్చి ప్రాణము తీసినది.

పిమ్మట 1720ల చివర బ్రెజిలు దేశమున వజ్రములు దొరకినవి. మన గనులును క్రమముగా వట్టిపోయినవి. పదునెనిమిదవ శతాబ్దము ముగియునప్పటికి మద్రాసులో యూదులు వ్రేళ్లమీద లెక్కింపదగినవారైరి. ఎవరును తఱుమలేదు, పని లేక పోయిరి. కఱవునకు ఊరు విడిచిపోవు మన పల్లెలకు ఇది క్రొత్త కాదు.

యూదులపేట నిలిచియున్నది చూడగోరువారు కేరళలోని కొచ్చికి పోవలెను. అచ్చట మట్టంచేరిలో 1568లో కట్టిన ప్రార్థనాలయము రాజమందిరము ప్రక్కనే కలదు. చీనాదేశమునుండి తెచ్చిన నీలపుగీతల పలకలు నేలయంతయు పఱచినారు. 1760లో కట్టిన గడియారపు గోపురము కలదు. వేయి సంవత్సరముల క్రిందట చేరరాజైన భాస్కర రవివర్మ జోసెఫు రబ్బాను అను యూదునాయకున కిచ్చిన రాగిశాసనమును వారు ప్రాణముగా కాపాడుకొనిరి. 1948లో ఇస్రాయేలు రాజ్య మేర్పడినపిమ్మట వారిలో చాలమంది అచ్చటికి వెడలిపోయిరి. ఇండ్లలో అంగళ్లు వెలసినవి. మన గుంటూరు సీమలోను, చేబ్రోలు దగ్గఱ కొత్తరెడ్డిపాలెమున, తాము ఇస్రాయేలు సంతతివారమని చెప్పుకొని యూదాచారములు పాటించు తెలుగు కుటుంబములు కొన్ని కలవు. ఇది వేఱు కథ. దానికి వేఱు ప్రసంగము కావలెను.

చెన్నపట్టణమున మిగిలినవి సమాధులు. పెద్దనాయకపేటలోని పాత శ్మశానము పోయినది. మిగిలిన ఱాళ్లను 1983లో లాయిడ్సు రోడ్డునకు, అనగా నేటి అవ్వై షణ్ముగం సాలైకి, చేర్చిరి. నడక ముగిసినపిమ్మట ఆసక్తి గలవారిని అచ్చటికి తీసికొనిపోయెదనని ఆ యువకు డనెను. మా మనుమడు బయలుదేరెను. నేను జంకితిని. దాచుట యెందులకు? పరుల శ్మశానము, పెండ్లిపనులు ముందున్నవి, జేబులో తాళికి చేర్చవలసిన పూస. చివరకు పూసను వాకిట బండివద్ద నిలిచిన తోడినడకవా డొకని చేతి కిచ్చి లోనికి పోతిని.

చిన్న ఆవరణము. కొలది సమాధులు. హీబ్రూ అక్షరములు చదువలేకపోతిని. ఒక భాష నేర్చినవానికి ఇంకొక లిపి యెదుట నిలిచినపుడు కలుగు నిరక్షరత్వము నాకు మంచిదే యైనది. ఎన్నడో మొదటితరగతి పిల్లవాడు నా యెదుట ఎట్లు నిలిచెనో తెలిసినది. యూదులు శ్మశానమును 'బేత్ హయీం' అందురట. జీవగృహమని అర్థము. మనము దీపము కొండెక్కినదందుము గాని ఆఱిపోయినదనము; బియ్యము నిండుకొన్నవందుము గాని లేవనము. అశుభమును నోట పలుకని మర్యాద అన్ని జాతులందు నున్నది.

సమాధిమీద వారు పూవు లుంచరు. చిన్న ఱాయి నుంతురు. వచ్చి చూచిపోతిమి అనుటకు గుర్తు. మా మనుమడు దారిలోని గులకఱాయి నొకటి తీసి యొక సమాధిమీద నుంచెను. నా వైపు చూచెను. నేనును వంగి ఒకటి తీసితిని. ఆ ఱాయి తెల్లగా, మూలలు గలిగి యుండుటచే, జొన్నగిరి చేలలో పిల్లలకు వలెనే నాకును చేయి అలవాటుగా దానిని వెలుతురునకు ఎత్తినది! సుద్ద గులకయే. అక్కడ నుంచి వచ్చితిని.

ఇంటికి పోయి తలస్నానము చేసితిని. సాయంకాలము షాహుకారుపేటలో ఒక నగల అంగడిలో పగడము దొరకినది. అంగడివాడు మా అవ్వ పూసను దీపము దగ్గఱ పెట్టి చూచి, "ఇది పాత ఇటలీ సరకు, ఇప్పటిదియు అక్కడినుండియే వచ్చును" అనెను. ఇటలీలో నేపుల్సు దగ్గఱి తొర్రె దెల్ గ్రెకో యను ఊరిలో నేటికిని పగడపు పని జరుగుచున్నది. గ్రాముల లెక్కన తూచి, నేను తలచినదానికి మూడింతలు చెప్పెను. నేను కండువా సవరించుకొంటిని గాని, వాడు చేయి చాపలేదు. వెల కాగితముమీద అచ్చువేసి యిచ్చెను.

కర్నూలు చేరి ఈ కథయంతయు మా యింటివారికి చెప్పితిని. శ్మశానమునకు పోయిన మాటయు చెప్పితిని. కోపించునని తలచితిని. ఆమె పూసలు రెండును అరచేతిలో ఉంచుకొని పోల్చి చూచుచు, "గనులకు వచ్చి పోయినవానికి పిల్లలుండిరా? ఆ పిల్ల లెక్కడ పెరిగిరి?" అని యడిగినది. నాకు తెలియదంటిని. క్రొత్త పగడము కొంచెము ఎఱుపెక్కువ, పాతది వన్నె తగ్గినది. అవి జంట కావని ఆమె తీర్పు. అయినను మఱునాడు శుక్రవారము కావున తలంటుకొని, నల్లపూసల నడుమ రెంటిని గ్రుచ్చినది. పాతది కుడివైపున ఉండవలెనని ఒకమాఱు విప్పి మరల గ్రుచ్చినది. పగిలిన పగడపు ముక్కలు రెండును మా అవ్వ కుంకుమభరిణెలో ఉన్నవి.